రోడ్డువార ముఖాలు

ఆయన్ని అందరూ రెప్పయ్య అనేవారు. అసలు పేరు స్టూడియో బోర్డు మీద ఉండేది గానీ, ఎండకు వెలిసిపోయి దాన్ని చదివే వీలు ఎప్పుడో పోయింది. పాస్‌పోర్టు ఫొటో కోసం వచ్చినవాళ్లను స్టూలు మీద కూర్చోబెట్టి, గడ్డం కాస్త పైకెత్తించి, "రెప్ప వేయకండి, ఒక్క క్షణం, రెప్ప వేయకండి" అని బతిమాలడం ఆయనకు అలవాటు. ఆ మాటే పేరై కూర్చుంది. కోపం తెచ్చుకునే మనిషి కాదు కాబట్టి అది అలాగే నిలిచిపోయింది.

అందరి చేతుల్లోకీ ఫోన్లు వచ్చాక స్టూడియోలో ఈగలు తోలుకోవడమే మిగిలింది. ఆయన భార్య వెనక గదిలో కంప్యూటరు ముందు కూర్చుని, జనం ఫోన్లలో పంపిన ఫొటోల్లో వెనకాల ఉన్న గోడలూ తలుపులూ చెరిపేసి తెల్లరంగు నింపేది. "మీరు మనుషుల్ని తీస్తారు, నేను వాళ్ల ఇళ్లను తీసేస్తాను" అని నవ్వేది.

అలాంటి రోజుల్లో రోడ్ల ఆఫీసు నుంచి కబురొచ్చింది. ఊరు దాటి పొలాల్లోకి వెళ్లే పెద్ద రోడ్డును వెడల్పు చేస్తున్నారు. ఒక పక్క వరసలో ఇళ్ల ముందు మెట్లూ ప్రహరీలూ పోతాయి. పని మొదలయ్యేలోపు ప్రతి ఇంటి ముఖాన్నీ ఫొటో తీసి ఇవ్వాలి.

"ఇల్లు నిటారుగా కనిపించాలండి. గోడ మీద నంబరు కనిపించాలి. అంతకుమించి ఏమీ అక్కర్లేదు" అంది ఇంజనీరు. ఆవిడది చిన్న వయసే. కళ్ల కింద నలుపుతో, ఎప్పుడూ నిద్ర చాలనట్టు ఉండేది. "పాస్‌పోర్టు ఫొటో లాంటిదే అనుకోండి."

"నయం, ఇళ్లు రెప్ప వేయవు" అన్నాడు రెప్పయ్య. ఆవిడ నవ్వి, టీ తెప్పించింది.

ఆ రోడ్డు ఆయనకు కొత్త కాదు. అది అటు పూర్తిగా ఊరూ కాదు, ఇటు పల్లే కాదు. డాబాలు, వాటి మధ్య రేకుల షెడ్లు, ఒక పిండిమర, పంచర్ల షాపు, గేదెల కొట్టాలు, వాటి వెనకాల చేలు. పెద్దక్క ఇల్లు ఆ వరసలోనే, మలుపులో ఉంది. ఎన్నో ఏళ్లుగా బండి మీద వస్తూ పోతూ ఉన్నాడే గానీ, ఆ ఇళ్ల వైపు తల తిప్పి చూసిన పాపాన పోలేదు. చూడ్డానికి అక్కడ ఏముందని? సిమెంటు పెచ్చులు, రంగు వెలిసిన గేట్లు, ఆరేసిన బట్టలు. ఎవరి చేతికి వచ్చినట్టు వాళ్లు కట్టుకున్న ఇళ్లు.

మొదటి రోజు ఆయన చెప్పింది చెప్పినట్టు చేశాడు. రోడ్డుకు అవతలి అంచున నిలబడటం, నొక్కడం, పక్కకి జరగడం. సాయంత్రం భార్య ఆ ఫొటోలను కంప్యూటర్లోకి ఎక్కించి ఒక్కొక్కటీ తిప్పుతూ, ఒకచోట ఆగింది.

"ఏమండీ, ఈ గేటు చూశారా?"

"గేటు కాకపోతే ఇంకేముంటుందక్కడ? తర్వాతది వెయ్యి."

"అది కాదు, ఇలా రండి. సరిగ్గా చూడండి."

ఆవిడ బొమ్మను పెద్దది చేసింది. గేటు మధ్యలో సగం సూర్యుడు. కిరణాలన్నీ ఇనప కడ్డీలు. ఒక్కో కడ్డీ చివర ఒక్కో రకం ఆకు, పువ్వు, ఈటె మొన. ఏ రెండూ ఒకలా లేవు. అయినా గేటు మొత్తం ఒకే చేత్తో ఒకే ఊపులో గీసినట్టు ఉంది.

రెప్పయ్య మర్నాడు పొద్దున్నే ఆ గేటు ముందుకు వెళ్లి నిలబడ్డాడు. అది ఒక వెల్డరు ఇల్లు. ఎవరో గేటు వంక గుడ్లప్పగించి చూస్తున్నారని అతను బయటికొచ్చాడు.

"ఏం సార్, వంకరగా ఉందా?"

"కాదయ్యా, బాగుంది. ఎక్కడ చూసి చేశావిది?"

"ఎక్కడా చూళ్లేదండి. ఈ రోడ్డు మీద గేట్లన్నీ నేనే చేశాను. ఒక్కో గేటుకీ ఓ ముక్క మిగిలేది. పారెయ్యబుద్ధి కాక దాచుకుంటూ వచ్చాను. మా ఇంటికి గేటు పెట్టుకునే వేళకి అవే ఉన్నాయి చేతిలో." వెల్డరు సిగ్గుపడుతూ తల గోక్కున్నాడు. "మా ఆవిడ మటుకు చిత్తు గేటు అంటుందండి."

ఎండ కాస్త పైకి వచ్చింది. గేటు నీడ లోపలి గచ్చు మీద పడి, ఆ కిరణాలు ఇంటి గుమ్మం దాకా పాకాయి. రెప్పయ్య మోకాళ్ల మీద కూర్చుని ఫొటో తీశాడు. అది ఆఫీసు అడిగిన ఫొటో కాదు. తీశాక, నిటారుగా ఉన్నది కూడా ఇంకోటి తీశాడు.

ఆ రోజు నుంచి ఆయనకు కళ్లు నిలవలేదు. పిండిమర పిట్టగోడ మెట్లుమెట్లుగా ఎక్కి, నడిమధ్యలో కిరీటంలా తేలి, మళ్లీ మెట్లుమెట్లుగా దిగుతుందని ఇన్నాళ్లకు చూశాడు. గేదెల కొట్టానికి గాలి ఆడటానికి ఇటుకలు వదిలేసి కట్టిన గోడ సాయంకాలం వెలుతురుకి లేసు అల్లికలా ఉంది. బడిలో ఆయాగా పనిచేసి మానేసిన ఒక ముసలావిడ, తన మెట్లకు ఇరుగుపొరుగు వాళ్ల డబ్బాల్లో అడుగున మిగిలిన రంగులు అడిగి తెచ్చి, మెట్టుకో రంగు వేసుకుంది. "ఏ మెట్టు మీదున్నానో తెలియాలి కదు నాయనా, కళ్లు ఆనడం లేదు" అంది ఆవిడ. ఆ రంగులు ఎండకు మాగి, ఒకదానిలోకి ఒకటి దిగుతున్నట్టు ఉన్నాయి.

ఇవేవీ ఎదురుగా నిలబడి తీస్తే పూర్తిగా కనిపించవు. పక్క నుంచి తీయాలి. రోడ్డు అంచున పడుకున్నంత పని చేసి, కింద నుంచి పైకి చూడాలి. మెట్లు రోడ్డులోకి ఎంత చొరవగా దిగాయో, సన్‌షేడ్లు గోడలను వదిలి ఎంత ముందుకు చెయ్యి చాచాయో అప్పుడే తెలుస్తుంది. ఆ ఇళ్లకు అందం అంతా ముందుకు రావడంలోనే ఉంది. గోడవార భూమిలో సగం కూరుకుపోయిన పాత హద్దురాళ్లు కూడా ఆయనకు నచ్చాయి. నాచు పట్టి, మూలలు అరిగి, ముసలివాళ్లలా ఉన్నాయి అవి. ఫొటో అడుగున ఒక రాయి పడితే ఇంటికి ఓ నిలకడ వస్తుందని, వీలైనచోటల్లా వాటిని కలుపుకున్నాడు.

మొదట్లో ఆయన్ని చూస్తే తలుపులేసుకున్న జనం, ఇప్పుడు కుర్చీలు వేయసాగారు. పిండిమర ఓనరు ఒక మధ్యాహ్నం టీ ఇచ్చి, పిండి కొట్టుకున్న కనుబొమలు ఎగరేస్తూ మెల్లిగా అడిగాడు.

"రెప్పయ్య గారూ, మీరింత శ్రద్ధగా తీస్తున్నారు. పైవాళ్లు ఇవి చూస్తే మనసు మార్చుకుంటారంటారా?"

రెప్పయ్య కాదనలేకపోయాడు. ఔననీ అనలేకపోయాడు. "చూద్దాం" అన్నాడు.

ఆ ఒక్క మాట సాయంత్రానికల్లా రోడ్డు పొడుగునా పాకింది. ఫొటోల ఆయన చూద్దామన్నాడట. మర్నాడు ముసలావిడ మెట్లు కడిగి పెట్టింది. వెల్డరు గేటుకు నూనె రాశాడు. ఒకావిడ పిల్లల జడలు వేసి గుమ్మం దగ్గర వరసగా నిలబెట్టింది. అప్పటికైనా రెప్పయ్య నోరు విప్పి ఉండాల్సింది. కానీ ఎదురుగా అన్ని ముఖాలు వెలుగుతుంటే ఏమని చెబుతాడు?

అక్క ఇంటిని ఆయన అన్నింటికన్నా చివర పెట్టుకున్నాడు. ఆ ఇల్లంటే ఆయనకు మొదటి నుంచీ నవ్వే. బావ బస్సులకు బాడీలు కట్టే షెడ్డులో మేస్త్రీగా చేసేవాడు. ఇల్లు కూడా చేతిలో నాలుగు రాళ్లు ఆడినప్పుడల్లా తనే కాస్త కాస్త కట్టుకున్నాడు. ఆ ఇంటికి మూల అన్నది ఎక్కడా లేదు. కిటికీలకు నాలుగు పక్కలా గుండ్రటి అంచులు. వాటన్నిటి మీదుగా పొడుగ్గా, నుదుటి మీద చెయ్యి అడ్డం పెట్టుకున్నట్టు ఒకటే సన్‌షేడు. పైన బస్సు ముఖంలా వంగిన బాల్కనీ, దాన్ని మోస్తూ రెండు లావుపాటి గుండ్రటి స్తంభాలు. కండక్టర్లు ఆ స్టాపును "బస్సిల్లు, బస్సిల్లు" అని అరిచేవారు. రెప్పయ్య వచ్చినప్పుడల్లా గుమ్మంలోంచే, "అక్కా, టిక్కెట్టు తీసుకోవాలా?" అనేవాడు. అక్క మూతి ముడిచేది. బావ మాత్రం నవ్వేసి ఊరుకునేవాడు.

ఈసారి ఆయన వెళ్లేసరికి ఎండ అప్పుడే ఇంటి పక్కగోడ మీదికి వస్తోంది. రెప్పయ్య కెమెరా ఎత్తి, అలాగే ఉండిపోయాడు.

మిగతా ఇళ్లమీద వెలుగు మూలదాకా వచ్చి టక్కున తెగిపోతుంది. ఇక్కడ తెగలేదు. గోడ తిరిగినచోట తానూ తిరిగి, మెల్లమెల్లగా సన్నబడుతూ, ఎక్కడ వెలుగు ఆగిందో ఎక్కడ నీడ మొదలైందో తెలియకుండా జారిపోయింది. జీవితమంతా మనుషుల చెంపల మీద అలాంటి వెలుగు కోసం దీపాలు అటూ ఇటూ జరిపినవాడు ఆయన. అది అక్క ఇంటి గోడ మీద రోజూ ఊరికే పడుతూ ఉంది.

బావ లుంగీ సర్దుకుంటూ వచ్చి పక్కన నిలబడ్డాడు. "ఏమోయ్ బావమరిదీ, టిక్కెట్టు అడగలేదేం ఇవాళ?"

"బావా, ఇదంతా ఇలా గుండ్రంగా ఎందుకు కట్టారు?"

బావ కాసేపు ఇంటి వంక చూశాడు, ఎవరో అడిగితే తప్ప తనకూ ఆ ప్రశ్న తట్టలేదన్నట్టు. "బస్సుకి మూల పదునుగా ఉంచామనుకో, తుప్పు అక్కడే పడుతుంది, పిల్లల తల అక్కడే తగులుతుంది. రేకులు వంచీ వంచీ చెయ్యి అలా తిరిగిపోయిందోయ్. సిమెంటు పట్టుకున్నా అలాగే తిరిగింది. నేనేం చెయ్యను!"

రెప్పయ్య ఆ పూటంతా అక్కడే ఉన్నాడు. ఎదురు నుంచి, పక్క నుంచి, హద్దురాయి దగ్గర బోర్లా పడుకుని, స్తంభాలూ బాల్కనీ ఆకాశంలోకి తేలుతున్నట్టు ఎన్నో తీశాడు. అక్క వంటింట్లోంచి వచ్చి, నేల మీద పడుకున్న తమ్ముణ్ణి చూసి నోరు నొక్కుకుంది. "ఒరేయ్, నీకేమైనా పట్టిందా? లే, చొక్కా అంతా మట్టి!" అంది గానీ, ఆమె ముఖంలో పొంగు దాగలేదు. తన ఇంటి కోసం తమ్ముడు మట్టిలో పొర్లడం ఆమె ఎన్నడూ ఎరగదు.

ఆఫీసులో ఇంజనీరు ఫొటోలన్నీ తెరిచి చూసింది. "ఎంత బాగా తీశారండీ! నేను రోజూ వెళ్తాను ఆ దారిన. ఇవి అక్కడివేనా?" అంది.

రెప్పయ్యకు ధైర్యం వచ్చింది. "మేడమ్, అవతలి పక్క అంతా ఖాళీయే కదా. రోడ్డును అటుగా కాస్త జరిపితే..."

"అటు పక్కన తాగునీళ్ల పైపులు వెళ్తున్నాయండి. నేను వచ్చేనాటికే గీత గీసేశారు. నా చేతుల్లో ఏమీ లేదు." ఆవిడ అబద్ధం చెప్పడం లేదని ఆయనకు తెలుస్తూనే ఉంది. "అయినా పోయేది మెట్లూ ప్రహరీలే. ఇళ్లు ఉంటాయి. అభ్యంతరాలు వినడానికి అందరినీ పిలుస్తున్నాం, వచ్చి చెప్పమనండి."

స్కూలు హాల్లో పెట్టారు ఆ సమావేశం. ఆ రోడ్డు మీది ఇళ్లవాళ్లందరూ ఉతికిన బట్టలు కట్టుకుని వచ్చారు. అక్కా బావా ముందు వరసలో కూర్చున్నారు. పక్కన కుర్చీ మీద చెయ్యి వేసి ఉంచి, "ఇటు రారా" అని తమ్ముణ్ణి పిలిచి కూర్చోబెట్టుకుంది అక్క. పై ఆఫీసు నుంచి ఒక పెద్ద అధికారి వచ్చాడు. తెర మీద ఫొటోలు వేశారు.

వెల్డరు గేటు తెర నిండా పరుచుకునేసరికి హాల్లో ఒక్కసారిగా గుసగుసలు లేచాయి. ఎవరో చప్పట్లు కూడా కొట్టారు. వెల్డరు భార్య కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

అధికారి పుల్ల తీసుకుని తెర అడుగున చూపించాడు. "ఇది హద్దురాయి. గేటు దీనికి ఇవతల ఉంది. అంటే రోడ్డు స్థలంలో."

తర్వాత పిండిమర. రాయి, దాటి వచ్చిన అరుగు. తర్వాత ముసలావిడ రంగుల మెట్లు. రాయి, రాయిని దాటి దిగిన మెట్లు. ఎదురుగా తీసిన ఫొటోల్లో ఇల్లు రోడ్డుకు ఎంత దూరంలో ఉందో దేవుడికే తెలియాలి. పక్క నుంచి తీసిన వాటిలో మాత్రం అంతా అద్దంలో పెట్టినట్టు ఉంది. అధికారి గొంతు పెంచలేదు, ఎవర్నీ కసరలేదు. రోడ్డు స్థలంలో కట్టినవాటికి పరిహారం రాదనీ, ఎవరివి వాళ్లే తీసేసుకోవాలనీ, పాఠం చెప్పినట్టు చెప్పుకుంటూ పోయాడు.

చివర్న బస్సిల్లు వచ్చింది. ఆకాశంలోకి తేలుతున్న బాల్కనీ, వెలుగు జారుతున్న గోడ, స్తంభాలు. వాటి వెనక, గోడవార, నాచు పట్టిన రాయి.

"ఇక్కడ మెట్లొక్కటే అనుకున్నాం. ఫొటో చూశాకే తెలిసింది, స్తంభాలు కూడా ఇవతలే ఉన్నాయి. అవి తీస్తే బాల్కనీ నిలవదు. బాల్కనీతో పాటు ముందు గది పైకప్పు కూడా తీసెయ్యాల్సి వస్తుంది."

ఒక్కొక్క తలా రెప్పయ్య వైపు తిరిగింది. పిండిమర ఓనరు కూడా తిరిగి చూశాడు. రెప్పయ్య లేచి నిలబడ్డాడు. "అయ్యా, అవి నేను... ఆ ఫొటోలు దానికోసం తీసినవి కావు" అన్నాడు.

"చాలా స్పష్టంగా తీశారు. మాకెంతో ఉపయోగపడ్డాయి" అన్నాడు అధికారి మర్యాదగా.

బయటికి వచ్చాక బావ ఆయన భుజం మీద చెయ్యి వేశాడు. "బాగా తీశావోయ్. మన ఇల్లు అంత పెద్దగా నేనెప్పుడూ చూళ్లేదు." ఆ మాటలో ఎత్తిపొడుపు లేదు. అదే రెప్పయ్యకు భరించరానిదయింది. అక్క మాత్రం ఆగి, తమ్ముడి ముఖంలోకి చూసింది.

"ఎప్పుడూ నవ్వేవాడివి కదరా మా ఇంటిని చూసి. అలా నవ్వుతూనే ఉండాల్సింది."

రెప్పయ్య ఆ వారమంతా ఆఫీసు చుట్టూ కాళ్లరిగేలా తిరిగాడు. ఆ ఫొటోలు వెనక్కి ఇచ్చెయ్యమన్నాడు. నిటారుగా తీసినవి ఉన్నాయి, అవే చూడమన్నాడు. తను కెమెరా వంకరగా పట్టానని, రాళ్లు అక్కడ లేవని, ఏది తోస్తే అది చెప్పాడు. ఇంజనీరు ఆయన్ని కూర్చోబెట్టింది, మంచినీళ్లిచ్చింది. "అవి ఇప్పుడు ఆఫీసువి. నేను తీసెయ్యలేను. మీకు చెప్పింది నిటారుగా తియ్యమనే కదండీ" అంది. అని, తన మాటకు తానే నొచ్చుకుని తల దించుకుంది.

బుల్డోజరు వచ్చిన పొద్దున బావ నిచ్చెన వేసుకుని బాల్కనీ రెయిలింగు మరలు విప్పుతున్నాడు. రెప్పయ్య కింద నిచ్చెన పట్టుకున్నాడు. కిటికీ చట్రాలు విప్పారు, తలుపు విప్పారు. సిమెంటు వంపులకు మరలు ఉండవు. బావ నిచ్చెన దిగి, ఆ గుండ్రటి గోడ మీద అరచెయ్యి ఆనించి, ఒకసారి అటు చివరి నుంచి ఇటు చివరి దాకా నడిచాడు. అంతే. ఇక పక్కకు తప్పుకున్నాడు.

స్తంభాలు ఒక పట్టాన కూలలేదు. బుల్డోజరు డ్రైవరు దిగివచ్చి, "ఎవరండీ కట్టింది? గట్టి చెయ్యి" అన్నాడు. ఎవరో, "ఫొటో తియ్యి రెప్పయ్యా, గుర్తుంటుంది" అన్నారు. వెటకారమో, నిజంగానే అన్నారో ఆయనకు తెలియలేదు. కెమెరా ఇంట్లోనే వదిలేసి వచ్చాడు.

రోడ్డు పడింది. నల్లగా, నున్నగా, చక్కగా పడింది. వెల్డరు తన గేటును తీసి ఇంటి వెనక గోడకు ఆనించాడు. ముసలావిడకు ఇప్పుడు ఒకటే మెట్టు, ఎత్తుగా ఉంటుంది, ఎవరైనా చెయ్యి పడితే గానీ ఎక్కలేదు. ముందు గది మొత్తం పోయి, అక్కా బావా వెనక గదుల్లోకి సర్దుకున్నారు. ఒకప్పటి మధ్య గోడే ఇప్పుడు ఇంటి ముందు గోడ. దానికి ఉన్నది తలుపు లేని గుమ్మం మాత్రమే. అక్క ఒక దుప్పటి కట్టింది. లారీలు వెళ్లినప్పుడల్లా అది లోపలికి ఎగిరి పడేది.

అక్క చాలా రోజులు తమ్ముణ్ణి పిలవలేదు. ఆయన భార్య వెళ్లి వచ్చేది, ఏం మాట్లాడుకున్నారో చెప్పేది కాదు. ఒక ఉదయం ఫోను వచ్చింది.

"ఒరేయ్, బావకి ఒంట్లో బాగాలేదు, ఆసుపత్రికి తీసుకెళ్తున్నా. వడ్రంగి ఇవాళ వచ్చి తలుపు బిగిస్తానన్నాడు. ఇల్లు బార్లా తెరిచి ఉంది. వచ్చి కూర్చుంటావా?"

"ఇదిగో, బయలుదేరుతున్నా అక్కా."

ఆయన వెళ్లి, గుమ్మంలో కుర్చీ వేసుకుని కూర్చున్నాడు. దుప్పటి ఎగురుతూ చూపును అడ్డుకుంటుంటే పక్కకు లాగి కట్టాడు. రోడ్డు కుర్చీకి నాలుగంగల అవతలే ఉంది. బస్సులు వెళ్తుంటే కిటికీల దగ్గర కూర్చున్నవాళ్లు తిన్నగా ఇంట్లోకి చూశారు. గోడ మీద సగం తెగిన రంగు, అలమార్లో గిన్నెలు, తాడు మీద బావ చొక్కా, అక్క మంచం, అన్నీ వాళ్లకు కనిపిస్తున్నాయి. ఒక బస్సు ట్రాఫిక్కులో కాసేపు ఆగింది. అందులో ఒక పాప ఆయన్ని చూసి చెయ్యి ఊపింది. ఆయనా ఊపాడు. ఎక్కడికి చూడాలో తెలియక ఆ తర్వాత చేతుల వంక చూసుకున్నాడు. మధ్యాహ్నం వడ్రంగికి ఫోను చేస్తే ఎత్తలేదు. మళ్లీ చేశాడు. ఎత్తలేదు.

ఎండ వాలుతుండగా అక్క బావను పట్టుకుని నడిపించుకుంటూ వచ్చింది. బావ తూలకుండా రెప్పయ్య ఇంకో చెయ్యి పట్టుకుని మంచం దాకా తీసుకెళ్లాడు.

"వడ్రంగి వచ్చాడా?" అంది అక్క.

"రాలేదక్కా."

అక్క దుప్పటి విప్పి, మళ్లీ గుమ్మానికి అడ్డంగా లాగి కట్టింది. "సరేలే. రేపు పొద్దున కూడా వస్తావా?"

"వస్తాను" అన్నాడు రెప్పయ్య.